వద్దన్న చోట వేసిన ఈల

మళ్లీ కొట్టాడు. ఒకటే దెబ్బ, మూడు వైపుల నుంచి మూడుసార్లు చూపించారు, చూపించినప్పుడల్లా పిడుగు పడ్డట్టు మోత, ఆ తర్వాత ఇంట్లో ఉన్న పదకొండు మంది మొహాలూ వరసగా, చివరికి గాజుతొట్టెలో చేప మొహం కూడా. పాపం అది కూడా నోరు తెరిచింది. పోలీస్ స్టేషన్ వరండాలో ఎత్తుగా తగిలించిన ఈ టీవీ కింద ఎనిమిది మందిమి కూర్చున్నాం, ఫోను పోయిందని వచ్చినవాళ్లూ, ఏదో కాగితం మీద ముద్ర కోసం వచ్చినవాళ్లూ, అందరి గడ్డాలూ ఒకే ఎత్తున పైకి లేచి ఉన్నాయి, గుమ్మం దగ్గర కానిస్టేబుల్‌ది కూడా. కొట్టినవాడు మొగుడు. ఇప్పుడు వాడు పశ్చాత్తాపంతో గోడను గుద్దుతాడు, చేతికి రక్తం వస్తుంది, చెంప వాచినావిడే పరుగెత్తుకొచ్చి తన బట్ట అంచు చింపి వాడికి కట్టు కడుతుంది. నేను కళ్లు మూసుకుని చెప్పగలను. ఇదిగో, పర్రుమని చింపింది. నా ఎడమపక్కనున్న ఆవిడ ముక్కు చీదుకుంటూ, "ఎంత ప్రేమో వాడికి, పైకి చెప్పుకోలేడంతే" అంది. నా ఒళ్లు మండిపోయింది. ప్రేమట! కట్టు చూడాలని ఉంటే ఆ తలుపు తోసి చూడు తల్లీ, అసలైన కట్టు అక్కడుంది, అరచేతి నుంచి మోచేతి దాకా పిండికట్టు, లోపల రెండు ముక్కలైన మణికట్టు ఎముక, దాన్ని బల్ల మీద పెట్టుకుని నా మనవరాలు ఇన్‌స్పెక్టరమ్మకు వాంగ్మూలం చెబుతోంది, లోపలికెళ్లి అరగంటయింది. ఆమెది అయ్యాక నన్ను పిలుస్తారు. నేను సాక్షిని. దేనికి సాక్షినో నాకూ, నా కుడిపక్కన కూర్చున్నవాడికీ తప్ప ఇక్కడ ఎవరికీ తెలియదు.

కుడిపక్కన ఉన్నది టైర్ల కొట్టాయన, ఆ చేయి విరగ్గొట్టినవాడి కన్నతండ్రి. వచ్చీ రాగానే నన్ను రాసుకుని కూర్చుని, రబ్బరు వాసన కొట్టుకుంటూ, "ఈల మామా, కులాసానా?" అన్నాడు, పెళ్లిపందిట్లో పలకరించినట్టు. నా చొక్కా జేబులో ఒక కాగితం కుక్కాడు. రాజీ కాగితం. పొరపాటున జరిగింది, ఇరువర్గాలూ సామరస్యంగా మాట్లాడుకున్నాం, ఫిర్యాదు వెనక్కి తీసుకుంటున్నాం. టైపు చేయించుకునే వచ్చాడు, సంతకానికి ఖాళీ కూడా వదిలాడు. నేను చించబోతే మోకాలి మీద చేయి వేసి నొక్కాడు. "మావాడు అంతా చెప్పాడు మామా. టీ కొట్టు దగ్గర నువ్వు వాడికేం చెప్పావో. ఆ ముక్క నేను లోపల చెప్పాననుకో, రేపు మీ పిల్ల మొహం నువ్వెలా చూస్తావు? ఎందుకొచ్చిన గొడవ, సంతకం పెట్టించు. నేను నోరు కుట్టేసుకుంటా. ఆనక మీకిష్టమైతే పిల్లనే ఇవ్వండి, నెత్తిన పెట్టుకుంటాం." నెత్తిన పెట్టుకుంటారట, ఉన్న చెయ్యి విరిచి. కాకిపిల్ల కాకికి ముద్దు, కాదనను, కానీ కాకులు కూడా పొడిచిన పిల్లని మా గూటికి పంపమని కబురు పెట్టవు. ఇదంతా నేను పైకి అనలేదు. అనలేదే! ఊరందరి నోళ్లూ ఒక ఎత్తు, నా నోరొకటీ ఒక ఎత్తు అనిపించుకున్నవాణ్ని, వాడి చెయ్యి నా మోకాలి మీద ఉన్నంతసేపూ టీవీలో చేపలాగా నోరు తెరిచి మూశాను. కాగితం జేబులోనే ఉంది. మడత మూల గుండెకు గుచ్చుకుంటోంది.

మనవరాలిది కళ్లద్దాల కొట్లో పని. ముందు హాల్లో ఫ్రేములు చూపించే పని కాదు, వెనక గదిలో, తిరిగే రాయి మీద అద్దం అంచు అరగదీసే పని. నీళ్లు చిమ్ముతుంటాయి, రాయి గుయ్యిమంటుంటుంది, మధ్యమధ్యలో ఆపి బొటనవేలితో అంచు తడిమి చూస్తుంది, వెంట్రుకవాసి తేడా వేలికి తెలియాలి, మిషను చెప్పేది తర్వాత. "నా కళ్లు వేలి చివర ఉన్నాయి తాతయ్యా" అనేది. ఆ వేళ్లు ఇప్పుడు పిండికట్టులోంచి ఉబ్బి బయటికి చూస్తున్నాయి, పట్టు మళ్లీ ఎంత వస్తుందో విప్పాక గాని చెప్పలేనన్నాడు డాక్టరు. టైర్ల కొట్టాయన కొడుకు గులాబీగాడు ఆ కొట్టుకు మొదటిసారి వచ్చింది కళ్లద్దాల కోసమే, చూపులో ఏ లోపమూ లేకపోయినా. అసలు పేరు ఎవడికి కావాలి, ఎప్పుడు చూసినా చేతిలో గులాబీ, అంచేత గులాబీగాడు, ఈ పేరు కూడా నేనే పెట్టాను, ముద్దుగా, సిగ్గులేక. ఎదురు కొట్లో ఫోన్లకు తొడుగులు అమ్ముతాడు. పవరు లేని అద్దాలు చేయించుకుని, అవి వదులయ్యాయని ఒకరోజు, బిగుసుకున్నాయని ఒకరోజు. ఆమె మర్యాదగా చెప్పింది. తర్వాత గట్టిగా చెప్పింది. తర్వాత యజమానితో చెప్పించింది. ఒకరోజు వాడు కొట్లో జనం నిండా ఉండగా మోకాళ్ల మీద కూలబడి పువ్వు చాపాడు, వెంట తెచ్చుకున్న ముగ్గురు స్నేహితులు ఫోన్లు పైకెత్తి పట్టుకున్నారు, అద్దాలు కొనడానికి వచ్చినవాళ్లు చప్పట్లు. ఆమె "వద్దు, లేవండి, నాకిష్టం లేదని ముందే చెప్పాను" అంది. అక్కడున్న అందరూ విన్నారు. కానీ ఫోన్లోకెక్కిన వీడియోలో ఆ మాట లేదు. చప్పట్ల దగ్గరే కత్తిరించి, కింద ఒక పాట అతికించి వదిలారు, లక్షమందో ఎంతమందో చూశారట. "ఒప్పుకో అక్కా", "ఇంత ప్రేమ ఎక్కడ దొరుకుతుంది", "పొగరు". పొగరట. రాసినవాళ్లలో నలుగురి మొహాలు నేను గుర్తుపట్టాను, మా వీధివాళ్లే, పొద్దున్నే నాకు నమస్కారం పెట్టేవాళ్లే.

ఆ తర్వాత తొమ్మిదో రోజు సాయంత్రం, బస్సు మెట్ల మీద. ఆమె ఎక్కుతోంది, వాడు కింద నుంచి మణికట్టు పట్టుకుని లాగాడు, "ఒక్క మాట వినిపో" అంటూ. బస్సు కదిలింది. స్టాపులో ఇరవైమంది ఉన్నారు. ఒకడు కూడా అడుగు ముందుకు వెయ్యలేదు, పైగా ఒకడెవడో ఈల వేశాడు. ఆ ఈల సంగతి ఆమె ఆస్పత్రిలో నాకు చెప్పింది, మాటల్లో మాటగా, నొప్పి మందు మత్తులో. చెప్పి నా వైపు చూసిందా? చూసినట్టే గుర్తు. నేను దుప్పటి సర్దాను.

ఈల నా వృత్తి. నవ్వకండి, పోయే కాలానికి పెన్షను తప్ప అన్నీ ఉన్న వృత్తి. మా ఊళ్లో సినిమా హాలు మేనేజరు కొత్త సినిమా పడినప్పుడల్లా నన్ను బెంచీ క్లాసులో నట్టనడుమ కూర్చోబెట్టేవాడు, టికెట్ ఊరికే, టీ ఊరికే, పైన రోజుకూలి. హీరో రాగానే నేను ఈల వెయ్యాలి, జనానికి ఎక్కడ లేవాలో తెలియదు, ఒకడు మొదలెడితే మూడొందల నోళ్లు తానా అంటే తందానా. నా ఈలకి ఏటి అవతలి ఒడ్డున గేదెలు ఈనేవని, గూడ్సు బండి ఎర్రజెండా అనుకుని ఆగిపోయేదని చెప్పి మా ఇంటిల్లిపాదినీ నవ్వించాను. అన్నిటికన్నా పెద్ద నవ్వు ఇదిగో ఈ కథకి. ముందురాత్రి పొరుగూరి హాల్లో రెండాటలు ఊది వచ్చి, ఆ మర్నాడు మొదటి ఆటలో కునుకు తీశాను. ఉలిక్కిపడి లేచేసరికి తెర మీద ఎర్రచొక్కా మీసాలవాడు సందులో ఒక పిల్ల దారికి అడ్డంగా నిలబడి చెయ్యి పట్టుకుని ఉన్నాడు. హీరో అనుకున్నాను. రెండు వేళ్లు నోట్లో పెట్టి ప్రాణం పెట్టి ఊదాను. హాలు హాలంతా లేచింది. తీరా చూస్తే వాడు విలను. జనం అసహ్యించుకోవాలని, ఆ పిల్ల మీద జాలిపడాలని తీసిన ముక్క అది. నేను ఊదాను గనక జనం గంతులేశారు. మేనేజరు రెండో ఆటకి నా దగ్గరికొచ్చి, "అక్కడ బాగుందయ్యా, అక్కడే వెయ్యి" అన్నాడు. ఇక మిగతాది నా కోత: సినిమావాళ్లు పట్నం నుంచి పొడుగు కారులో వచ్చి, వచ్చే సినిమాలో ఆ చెయ్యి పట్టుకోవడం హీరో చేత చేయించమంటారా అని నన్నడిగి వెళ్లారని. కారూ లేదు గీరూ లేదు, ఫిల్ము డబ్బాలు పట్టుకుపోవడానికి సైకిల్ మీద ఒక గుమస్తా వచ్చాడు, వాడు నిజంగానే అడిగాడు, జనం ఎక్కడెక్కడ లేచారు అని, ఒక కాగితం మీద రాసుకున్నాడు. కోతలో నిజం అంతే. కానీ ఆ తర్వాత వచ్చిన సినిమాల్లో ఎర్రచొక్కాలన్నీ హీరోలకే తొడిగారు, అది కోత కాదు, ఊరూవాడా చూసింది. ఏడేళ్ల వయసులో మనవరాలు ఈ కథ విని పడీపడీ నవ్వి, నవ్వు ఆగాక అడిగింది: "మరి ఆ అమ్మాయి ఏమంది తాతయ్యా?" ఏమందో నాకేం తెలుసు? వంద ఆటలు చూశాను, ఆ పిల్ల పెదాలు కదలడం చూశాను, వంద ఆటలూ అదే క్షణంలో నేను ఊదుతూనే ఉన్నాను. "నీకెందుకే, ఈల వినపడిందా లేదా?" అన్నాను. ఇంటిల్లిపాదీ మళ్లీ నవ్వారు.

టైర్ల కొట్టాయన ఆ హాల్లో మా వెనక బెంచీలోనే పెరిగాడు. "నీ ఈలకి మేమెగిరిన ఎగుర్లు! ఆ రోజులే వేరు మామా" అంటున్నాడు ఇప్పుడు, గొంతులో తీపి. నిజమేరా నాయనా, నేను ఊదాను, నువ్వు ఎగిరావు, నువ్వు ఇంటికెళ్లి కొడుకును కన్నావు, వాడు ఫోన్లో ఎగురుతున్నాడు. తిలా పాపం తలా పిడికెడు. అని పంచేస్తే నా పిడికెడు తేలికవుతుందనుకున్నాను ఇన్నాళ్లూ. సినిమావాళ్లను తిట్టాను, ఈ టీవీవాళ్లను తిట్టాను, కూతురు చెంపదెబ్బ తిని ఇంటికొస్తే పోలీసుల దగ్గరికి పరుగెత్తే తల్లే సీరియల్లో అదే దెబ్బకి గుటకలు మింగుతూ పరవశించిపోతుందని తిట్టాను. ఒక్కసారి, ఒక్కసారైనా వాడికి ఎదురు చెంప పగిలి సీరియల్ అక్కడితో అయిపోయిందా? అవ్వదు. అయిపోతే వాడి ఏడుపెవరు చూపిస్తారు, ఆ ఏడుపుకి సబ్బు ఎవరమ్ముతారు? ఇంతా తిట్టి, గురివింద గింజలాగా నా నలుపు నా కిందే పెట్టుకుని కూర్చున్నాను.

టీ కొట్టు. గులాబీగాడు నాతో మంచిగా ఉండేవాడు. అదీ అసలు సంగతి. ఈ రోజుల్లో నా కథలు ఎవడు వింటున్నాడు, మా అబ్బాయి చెవిలో ఏదో పెట్టుకుని తిరుగుతాడు, వీడు మాత్రం రెండు టీలు తెచ్చి స్టూలు లాక్కుని, "చెప్పు తాతా, బామ్మని ఎలా పడేశావో చెప్పు" అనేవాడు. ఎవరి వెనక తిరుగుతున్నాడో నాకు తెలుసు. తెలియదని నాకు నేను చెప్పుకుంటాను గాని, తెలుసు. నవ్వు వచ్చింది నాకు, పిల్లకి వీడు నచ్చితే నచ్చవచ్చునే అనుకున్నాను, అదేమంటుందో అడగాలని తట్టలేదు. చెప్పాను. ఆరు నెలలు సందు మొదట్లో నిలబడ్డానని, ఎండకి గొడుగు కూడా మాడిపోయిందని, ఆమె నా కోసమే ఆ దారిన కుట్టుపని క్లాసుకు వచ్చేదని, వద్దు వద్దంటూనే తలొంచుకుని నవ్వేదని. వెంటపడాలోయ్ అని. ఏదో అన్నాను. ముసలాళ్లు ఏదో అంటారు. వాడి కళ్లు మెరిశాయి, ఎదురుగా కూర్చున్నవాడి కళ్లు మెరిస్తే నాకు ఇక పగ్గాలుండవు.

మా ఆవిడ పోయే ముందు ఏడాది, ఉతికిన బట్టలు మడతపెడుతూ, ఎవరో చుట్టాల పిల్లలకు నేనీ కథే చెబుతుంటే విని, వాళ్లు వెళ్లాక అంది. కోపంగా కాదు. "నువ్వు సందు మొదట్లో నిలబడుతున్నావని నేను కుట్టుపని మానేశాను. ఆ క్లాసుకు నేను వెళ్లింది పదకొండు రోజులే. మిషను కుట్టుకుంటూ నా బతుకు నేను బతకాలని ఉండేది. నీ గోల ఊళ్లో పాకి మా నాన్న నీకిచ్చి చేశాడు." నేనేమన్నాను? "అయితే మాత్రం, నష్టపోయావా ఏంటి?" అన్నాను. ఆమె దిండు గలీబు నాలుగు మూలలూ కలిపి పట్టుకుని, ఇంకోసారి మడిచి, లేచి వెళ్లిపోయింది. నలభై ఏళ్లు ఇంట్లో చిరుగు పడ్డ ప్రతిదీ బయటి దర్జీకే ఇచ్చాం. నేను ఆ మర్నాటి నుంచి కూడా కథ మార్చలేదు. నవ్వు వచ్చే కథని ఎవడు మారుస్తాడు?

ఫోను మోగింది. మా అబ్బాయి, అంటే ఆ పిల్ల తండ్రి, ఆఫీసులో ఉండి. "నాన్నా, ఆయన మంచిగానే అడుగుతున్నాడు, సంతకం పెట్టించెయ్. నువ్వు చెబితే వింటుంది. కోర్టులంటూ తిరిగితే రేపు దాన్నెవరు చేసుకుంటారు?" "ఎవరూ చేసుకోకపోతే దానికి ఎముకలన్నా మిగులుతాయిరా" అన్నాను. అటుపక్క వాడు ఫోను పెట్టేశాడు. టైర్ల కొట్టాయన నా మొహంలోకి చూశాడు. అంత మాట ఎలా అన్నాను? కోపంతోనా, భయంతోనా? నిజం చెప్పాలంటే ఇప్పటి దాకా భయమే, పైన కోపం కప్పుకున్నాను. ఈ టైర్లవాడి మీద కోపం, ఆ చేప మొహం మీద కోపం, పక్కన ముక్కు చీదే ఆవిడ మీద కోపం. మనవరాలికి తెలిస్తే తాతయ్యా అని పిలవడం మానేస్తుందేమోనన్న ఒక్క భయం చుట్టూ ఇంత మంట రాజేసుకుని చలి కాచుకుంటున్నాను. ఛీ. అక్కడ దాని చెయ్యి విరిగింది, ఇక్కడ నేను నా పిలుపు కోసం బేరమాడుతున్నాను. పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం. ఇన్నాళ్లూ నేను పిల్లినని నాకెవరూ చెప్పలేదు. చెప్పింది కదా, బట్టలు మడతపెడుతూ.

తలుపు తెరుచుకుంది. మనవరాలు వచ్చింది, కట్టు చేతిని ఎడమచేత్తో ఎత్తి పట్టుకుని, మొహం వాడిపోయి ఉంది గాని కళ్లు తడిగా లేవు. టైర్ల కొట్టాయన లేచి నిలబడి, "అమ్మా, తాతయ్య నీతో ఒక మాట చెప్పాలంటున్నాడు" అన్నాడు, నా భుజం తట్టి. నేను జేబులోంచి కాగితం తీశాను. వాడి మొహం వెలిగింది. నాలుగు ముక్కలు చేసి వాడి చేతిలోనే పెట్టాను.

"అమ్మడూ" అన్నాను, "టీ కొట్టు దగ్గర ఆ వెధవకి నీ వెంట పడమని చెప్పింది నేనే."

ముక్కు చీదే ఆవిడ టీవీ మీంచి చూపు తిప్పింది. మనవరాలు నన్ను అలాగే చూసింది, అద్దం అంచు చూసినట్టు.

"తెలుసు" అంది. "మీ తాతయ్యే చెప్పారంటూ వాడు నాకు మెసేజ్ పెట్టాడు, బస్సు రోజుకు ముందురోజు. ఇప్పుడు లోపల చూపించి వచ్చాను."

"తెలిసీ... నన్నడగలేదేమే?"

"నీ అంతట నువ్వు చెబుతావేమోనని చూశాను."

"చెప్పాను కదే ఇప్పుడు."

"ఆయన బెదిరించాక చెప్పావు." టైర్ల కొట్టాయన వైపు గడ్డంతో చూపించింది. "ఇందాకటి నుంచి కిటికీలోంచి కనబడుతున్నారు ఇద్దరూ."

ఆయన సర్దుకుని, "చూశావామ్మా, మీ ఇంట్లో పెద్దే చెప్పాక మావాడి తప్పేముంది?" అన్నాడు. "అది లోపల చెప్పండి అంకుల్" అంది ఆమె, "చెయ్యి పట్టుకోవాలని ముందురోజే అనుకుని వచ్చాడని మేడమ్ ఆ మెసేజ్ చూసి అదే రాయిస్తున్నారు. పొరపాటున జరిగిందని మీరు కాగితం కూడా టైపు చేయించారట కదా, నాన్న మెసేజ్ పెట్టాడు, ఆ ముక్కలు పారెయ్యకండి." ఆయన పిడికిలి మూశాడు, తెరిచాడు.

నేను దాని ఎడమచేయి పట్టుకోబోయాను, ఎక్కడ పట్టుకోవాలో తెలియక ఆగిపోయాను. "నామీద కోపమా?" అన్నాను. ఎంత వెర్రి ప్రశ్న.

"ఉంది. అది ఇంటికెళ్లాక. ఇప్పుడు లోపలికి పద. కథ చెప్పకు. అడిగింది చెప్పు. నేను పక్కనే కూర్చుంటాను."

లోపల ఇన్‌స్పెక్టరమ్మ కుర్చీ చూపించింది. మూల బల్ల దగ్గర ఒక కుర్రకానిస్టేబుల్ కీబోర్డు మీద వేళ్లు పెట్టి ఉన్నాడు. గులాబీగాడు ఏ నెలలో అడిగాడు, ఎన్నిసార్లు వచ్చాడు, ఎవరున్నారు అక్కడ. చెప్పాను. గొడుగు మాడిన సంగతి నాలుక చివరి దాకా వచ్చింది, మింగాను. "మీరేమన్నారు?" అంది ఇన్‌స్పెక్టరమ్మ. "ముసలాణ్ని కదమ్మా, నవ్వులాటకి ఏదో అన్నాను" అన్నాను. మనవరాలు నా వైపు తిరగకుండానే, "ఏదో కాదు. అన్న మాట చెప్పు" అంది. చెప్పాను. చివరి ముక్క దగ్గర నీళ్లడిగాను, తాగి చెప్పాను. కీబోర్డు చప్పుడు ఆగింది. రాసింది చదివి వినిపించాలట, రూలు. ఆ కుర్రాడు కరెంటు బిల్లు చదివినట్టు చదివాడు.

"‘ఆడపిల్ల వద్దనడం తలుపు వెయ్యడం కాదు, గట్టిగా నెట్టమని చెప్పడం. మా ఆవిడ నూరుసార్లు వద్దంది. నూటొకటోసారి నేను చెయ్యి పట్టుకుని లాగాను. నువ్వూ ఒకసారి చెయ్యి పట్టుకుని లాగి చూడు’ అని నేను అతనితో చెప్పాను. అతనికి చెప్పిన కథలో మా ఆవిడ నవ్విందన్నది, ఒప్పుకుందన్నది నేను కల్పించినది. ఆమె వద్దనే అన్నది."

ఎవరూ నవ్వలేదు. "సరిగ్గానే ఉందా పెద్దాయనా?" అన్నాడు. మనవరాలు కట్టులోంచి కనబడుతున్న వేళ్లను చూసుకుంటోంది.

"సరిగ్గానే ఉంది" అన్నాను.